ఏరుకున్న బొమ్మలు, దొరకని బొమ్మలు

ఇటీవల పీజీ తరగతిలో ఏడున్నర నిమిషాల వీడియో ఒకటి చూపించాను. ఆఫ్రికన్‌ అమెరికన్‌ కళాకారుడు ఆర్థర్‌ జాఫా 2016లో రూపొందించిన ‘లవ్‌ ఈజ్‌ ద మెసేజ్‌, ద మెసేజ్‌ ఈజ్‌ డెత్‌’ అది. పాడేవాళ్లు, ఆడేవాళ్లు, మార్టిన్‌ లూథర్‌ కింగ్‌, పారిపోతుండగా పోలీసు వెనకనుంచి కాల్చిచంపిన వాల్టర్‌ స్కాట్‌, నడుమ మండుతున్న సూర్యగోళం. వ్యాఖ్యానం లేదు. చాలా దృశ్యాలు జాఫా చిత్రీకరించినవి కావు, ఏరుకున్నవి. అయిపోయాక వెనక వరుస విద్యార్థి అడిగాడు: “సార్‌, మా తాతది ఒక్క ఫొటో కూడా లేదు. నేను ఎక్కడ ఏరుకోవాలి?”

ఆ రోజు జవాబు చెప్పలేకపోయాను.

జాఫా 1960లో మిసిసిపి రాష్ట్రంలోని టుపెలోలో పుట్టారు. జూలీ డాష్‌ తీసిన ‘డాటర్స్‌ ఆఫ్‌ ద డస్ట్‌’కు 1991 సన్‌డాన్స్‌ ఉత్సవంలో ఛాయాగ్రహణ బహుమతి పొందారు. స్పైక్‌ లీ ‘క్రూక్లిన్‌’కూ పనిచేశారు. అంతటి పనిమంతుడిని కళాప్రపంచం నెత్తికెత్తుకున్నది యాభై దాటాకనే. ఆ మధ్యకాలమంతా పత్రికల్లోంచి బొమ్మలు కత్తిరించి ఫైళ్లలో పక్కపక్కన అతికించుకున్నారు. సంపాదన తెచ్చే పని కాదది, చూపును సానబట్టుకోవడం. నల్లజాతి సంగీతానికున్న శక్తి నల్లజాతి సినిమాకూ రావాలన్నది ఆయన పట్టుదల.

జాతీ కులమూ ఒకటి కావు, ఆ తేడా తెలుసు. అయినా ఆ మాట వింటే డప్పు గుర్తొస్తుంది. డప్పు మోతను తెలుగు సినిమా ఎప్పుడో లోపలికి రానిచ్చింది. కొట్టే చేతుల వెనకున్న మనిషిని మాత్రం గుమ్మంలోనే నిలబెట్టింది.

2019 వెనిస్‌ బినాలేలో జాఫాకు గోల్డెన్‌ లయన్‌ తెచ్చిన కృతి పేరు ‘ది వైట్‌ ఆల్బమ్‌’. అది తెల్లవాళ్ల గురించి. నన్ను ఎక్కువగా ఆలోచింపజేసింది ఇదే. మన దగ్గర దళిత కళాకారుడి నుంచి గాయాన్ని మాత్రమే ఆశిస్తాం. వాడ గురించి చెబితే చప్పట్లు కొడతాం. అతడు కెమెరా తిప్పి అగ్రవర్ణ నట్టింట్లో పెడితే? ‘కులద్వేషం’ అనే మాట సిద్ధంగా ఉంటుంది. (మా సెమినార్లలోనూ ఉంటుంది.)

ఆ విద్యార్థి ప్రశ్నకు సగం జవాబు తెలంగాణలోనే ఉంది. నకాషీలు గుడ్డమీద గీసిన పటం విప్పి, బొమ్మ తర్వాత బొమ్మ చూపిస్తూ డక్కలివారు మాదిగలకు జాంబ పురాణం చెప్పేవారు. కదిలే బొమ్మ మనకు సినిమాతో రాలేదు. ఆ పటాలు ఇవాళ గోడ అలంకారాలయ్యాయి, కథ చెప్పే కులాల బతుకు మాత్రం చితికింది. మిగిలిన సగం జవాబు నా దగ్గర లేదు.

మరుసటి వారం ఆ అబ్బాయి పాత రేషన్‌ కార్డు మీది నాయనమ్మ ముఖాన్ని ఫోన్‌లో తీసుకొచ్చాడు. బొటనవేలంత బొమ్మ, సగం మీద ముద్ర పడింది. తరగతి గది తెరమీద పెద్దది చేసి వేశాం.