బాగుచేసుకోవడం కూడా చదువే



మేము ఆత్మకూరులో హాస్టల్లో ఉండి డిగ్రీ చదువుతున్నాం. మాది సీతారామపురం మండలం. మా గదిలో నలుగురం, నలుగురం యానాదులమే. నలుగురి ఇళ్ళల్లోనూ కాలేజీ గడప తొక్కింది మొదట మేమే. ఈ పోస్టు ఒక పాత ఆట బొమ్మ గురించి. ఆట బొమ్మ గురించి ఇంత పెద్ద పోస్టా అని వదిలేయకండి. చివరి దాకా చదివి, తప్పుంటే చెప్పండి.

సంక్రాంతి సెలవుల తర్వాత మా దగ్గరకు ఒక గేమ్‌బాయ్ కలర్ వచ్చింది. మాలో ఒకరి అమ్మ నెల్లూరులో ఒకరింట్లో పని చేస్తుంది. ఎవరి అమ్మ అనేది అవసరం లేదు, నలుగురి అమ్మలూ ఏదో ఒక ఇంట్లోనో తోటలోనో కూలి పనే చేస్తారు. ఆ ఇంటివాళ్ళు బీరువా సర్దుతూ, వాళ్ళబ్బాయి చిన్నప్పుడు ఆడుకున్నదంట, "ఇది పని చేయదు, పిల్లలకియ్యి" అని ఇచ్చారు. పని చేయని వస్తువులు మన ఇళ్ళకు రావడం కొత్త కాదు కదా.

చేతిలో పట్టేంత ఊదారంగు పెట్టె. వెనక మూత తీస్తే రెండు పెన్సిల్ సెల్లులు లోపలే కారిపోయి, స్ప్రింగుకు తెల్లగా, పచ్చగా చిలుము పట్టి ఉంది. మేము చిన్నప్పుడు కార్తీక మాసంలో ఘటిక సిద్ధేశ్వరం పోయినప్పుడు అంగళ్ళలో బ్రిక్ గేమ్ చూసి ఏడ్చినోళ్ళమే. కొన్నది లేదు. అందుకే దీన్ని ఎట్లాగైనా ఆన్ చేయాలని పట్టుబట్టాం.

టౌన్లో ఒక సెల్ షాపుకు తీసకపోయాం. ఆయన అటూ ఇటూ తిప్పి చూసి, "ఇదేందిరా, యాడ కొట్టుకొచ్చారు?" అన్నాడు. నవ్వుతూనే అన్నాడు. పక్కన కూర్చున్నాయన "ఏ కాలనీ మీది?" అని అడిగాడు. మేము గమ్మున దాన్ని తీసుకొని బయటికొచ్చేశాం. దారిలో ఒక్కరం మాట్లాడలేదు.

ఆ షాపాయన్ని తిట్టడానికి ఇది రాయడం లేదు. ఆయనకు అది జోకు. మాకు మాత్రం కాదు. మన జాతిలో కొందరిని తెల్లదొరల కాలంలో నేరస్థ జాతుల జాబితాలో పెట్టారు. ఆ చట్టం 1952లో రద్దయింది. చట్టం పోయి డెబ్బై ఏళ్ళు దాటినా, మన పిల్లోడి చేతిలో కాస్త విలువైన వస్తువు కనిపిస్తే మొదట వచ్చే ప్రశ్న మాత్రం అట్లాగే ఉంది. బిల్లు ఉందా అని మమ్మల్ని అడిగినట్టు వేరేవాళ్ళని అడుగుతారా?

ఆ రాత్రి గదిలో అనుకున్నాం. మనమే విప్పుదాం. పాడైపోతే పోయేదేముంది, అది ముందే పాడైపోయింది కదా.

విప్పబోతే ఇంకో సంగతి తెలిసింది. దాని వెనక స్క్రూలకు మామూలు ప్లస్ గుర్తు లేదు. మూడు రెక్కల గుర్తు ఉంది. ట్రై వింగ్ అంటారు. ఇంట్లో ఉండే స్క్రూడ్రైవర్ దానికి పట్టదు. అంటే కొన్నవాడు తెరవకూడదని కంపెనీ ముందే అనుకుంది. తలా కొంత వేసుకొని మూడొందల లోపు ఒక చిన్న స్క్రూడ్రైవర్ల సెట్ తెప్పించాం. మెస్ బిల్లు కాకుండా మేము నలుగురం కలిసి కొన్న మొదటి వస్తువు అదే.

ఇక శుభ్రం చేసిన పద్ధతి చెప్తాం. ఎవరికైనా పనికొస్తుంది.

ముందు సెల్లులు తీసేయాలి. ఆల్కలైన్ సెల్లు కారితే బయటికొచ్చేది క్షారం. కళ్ళలో పడితే ప్రమాదం, చేతికి తగిలితే మంట. చేతికి కవర్ తొడుక్కొని చేయండి. క్షారాన్ని విరవడానికి ఆమ్లం కావాలి. వెనిగర్ కోసం వెతకక్కర్లేదు, మన జిల్లాలో నిమ్మకాయలకు కరువా? ఇయర్ బడ్ నిమ్మరసంలో ముంచి చిలుము మీద అద్దితే కొంచెం నురగ వస్తుంది. ఇంటర్‌లో చదివిన తటస్థీకరణ చర్య అదే. పరీక్షలో రెండు మార్కులకు రాశాం, కంటితో చూసింది మాత్రం ఇప్పుడే. తర్వాత నిమ్మరసం అక్కడే వదలకూడదు. నీళ్ళతో తడిపిన బడ్‌తో తుడిచి, పూర్తిగా ఆరనివ్వాలి. చవక రకం జింక్ సెల్లు కారితే మాత్రం అది ఆమ్లం వైపు ఉంటుంది. దానికి నిమ్మరసం కాదు, కాస్త వంట సోడా కలిపిన నీళ్ళు వాడాలి.

తర్వాత లోపలి బోర్డు. దీనికి నీళ్ళు వద్దు. సెల్ రిపేరు సామాన్లు అమ్మే చోట ఐపీఏ అని అడిగితే ఇస్తారు, ఐసోప్రొపైల్ ఆల్కహాల్. తొందరగా ఆరిపోతుంది. నిప్పు దగ్గర మాత్రం పెట్టొద్దు, కిటికీ తెరిచి వాడండి. పెట్రోలు, థిన్నర్ వాడితే ప్లాస్టిక్ పాడవుతుంది.

బటన్ నొక్కితే పలకకపోతే చాలావరకు బటన్ పాడైనట్టు కాదు. బటన్ కింద రబ్బరు, ఆ రబ్బరు అడుగున నల్లటి కార్బన్ బిళ్ళ ఉంటాయి. నొక్కినప్పుడు ఆ బిళ్ళ బోర్డు మీది గీతలను కలుపుతుంది. మధ్యలో జిడ్డు చేరితే కలవవు. బోర్డును ఐపీఏతో తుడవాలి. నల్ల బిళ్ళను మాత్రం గీకొద్దు, మెల్లగా తుడవాలి. టీవీ రిమోట్లో కూడా ఇదే ఏర్పాటు.

మాది అప్పటికీ ఆన్ కాలేదు. ఇద్దరం వదిలేద్దామన్నారు. ఒకడు యూట్యూబ్‌లో చూసి, ఆన్ చేసే స్విచ్ లోపల మురికి పట్టినా కరెంటు సరిగా అందదని చెప్పాడు. సెల్లులు లేకుండా స్విచ్‌లో రెండు చుక్కలు ఐపీఏ వేసి, ముప్పై నలభై సార్లు అటూ ఇటూ జరిపాం. గేమ్ క్యాసెట్ అడుగున ఉండే ఇత్తడి రంగు పళ్ళను కూడా తుడిచాం. అందరూ చేసినట్టు నోటితో ఊదొద్దు, ఊపిరిలో తేమ పోయి అక్కడే చేరుతుంది. పై డొక్కును సబ్బు నీళ్ళతో, పాత టూత్ బ్రష్‌తో కడిగి నీడన ఆరబెట్టాం. కొత్త సెల్లులు వేశాం.

టింగ్ మని శబ్దం వచ్చింది. నలుగురం అరిచిన అరుపుకు వార్డెన్ సారు పైకొచ్చారు.

సారు ఏమన్నారో తెలుసా? "చదువుకోమని పంపిస్తే గేములా?" మన గ్రూపులో కూడా పెద్దన్నలు ఈ మాటే అంటారు. గ్రూప్స్ రాయాల్సిన పిల్లలు ఆటల్లో పడితే ఎట్లా అని. ఆ భయం తప్పు కాదు. ఫోన్లో పందెం గేములాడి స్కాలర్‌షిప్ డబ్బులు పోగొట్టుకున్నవాళ్ళను మేమూ చూశాం. డబ్బు పెట్టి ఆడే ఆన్‌లైన్ గేములను నిషేధిస్తూ 2025 ఆగస్టులో కేంద్రమే చట్టం చేసింది. కానీ ఈ పెట్టెలో నెట్ లేదు, ప్రకటన లేదు, పందెం లేదు. తెరకు వెనక వెలుగు కూడా లేదు, ఎండలోకి పోతేనే కనిపిస్తుంది. సాయంత్రం మిద్దె మీద పది నిమిషాలు టెట్రిస్ ఆడతాం, పొద్దు గూకితే ఆటా అయిపోతుంది.

అయినా మేము మాట్లాడేది ఆడటం గురించి కాదు, విప్పడం గురించి.

ఒక మనిషి సంగతి చెప్తాం. గున్‌పే యోకోయ్ అని జపానాయన. 1965లో నింటెండోలో చేరాడు. అప్పుడది పేక ముక్కలు చేసే కంపెనీ. ఆయన ఉద్యోగం ఆ యంత్రాలను చూసుకోవడం, చెడిపోతే బాగుచేయడం. అంటే మెయింటెనెన్స్ పని. ఖాళీ సమయంలో ఆయన చేసుకున్న ఒక చాచే చెయ్యి బొమ్మను కంపెనీ యజమాని చూసి, అమ్మకానికి తయారు చేయించాడు. తర్వాత 1989లో వచ్చిన మొదటి గేమ్‌బాయ్ వెనక ఉన్నది ఆయనే. ఆయన పద్ధతి ఏందంటే, కొత్తగా వచ్చిన ఖరీదైన టెక్నాలజీ వెంట పడకుండా, పాతబడి చవకైపోయి అందరికీ బాగా తెలిసిన దాన్ని కొత్త రకంగా వాడటం. రంగుల తెరలున్న పోటీ కంపెనీలు ఉన్నా, గేమ్‌బాయ్ చవకగా, గట్టిగా, సెల్లులు ఎక్కువ కాలం వచ్చేటట్టు ఉండి నిలబడింది. గేమ్‌బాయ్, దాని తర్వాత 1998లో వచ్చిన మా కలర్ రకం, రెండూ కలిపి 11 కోట్లకు పైగా అమ్ముడయ్యాయి. మరమ్మతు పని చేసినాయన చేతిలో నుంచి మొదలైందది.

ఇది చదివినప్పుడు మాకు మా తాతలు గుర్తొచ్చారు. వల చినిగితే తాత కొత్త వల కొనడు. దారం తీసుకొని చెట్టు కింద కూర్చుంటాడు. పొలంలో ఎలుకలు పట్టడానికి పొగ కుండ ఊదేవాళ్ళు, బొరియకు ఎన్ని దారులున్నాయో, గాలి ఎటు పోతుందో చూసి ఊదుతారు. అది లెక్క కాదా? మన పక్కన ఉదయగిరిలో చెక్క గరిటెలు చేసే కుటుంబాలున్నాయి. చేతి పనిముట్లతో చెక్కుతారు, భౌగోళిక గుర్తింపు కూడా వచ్చింది. చేతికి బుద్ధి లేదని ఎవరన్నారు? మన ఇళ్ళల్లో ఉన్న ఈ విద్యకు సర్టిఫికెట్ లేదు, అంతే తేడా.

ఇక్కడ మాలోనే ఒక గొడవ వచ్చింది, అదీ చెప్పాలి. మాలో ఒకడన్నాడు, "మనోళ్ళు తరతరాలుగా ఊరి మురికి ఎత్తారు. చదువుకుంది ఆ పని తప్పించుకోవడానికి కదా, మళ్ళీ ఈ తుడవడం గొప్పేంది?" అని. వాడి మాట కొట్టిపారేయలేకపోయాం. రెండు రోజులు వాదించుకున్నాం. చివరికి మాకు తోచింది ఇది. ఒకరు వేలు చూపించి ఎత్తమన్న మురికి వేరు, మన వస్తువు మనం విప్పి, ఎందుకు చెడిందో తెలుసుకొని తుడిచే మురికి వేరు. మొదటిదాంట్లో ఎందుకని అడిగే హక్కు లేదు. రెండోదంతా ఎందుకని అడగడమే. మొదటిది పోవాల్సిందే. దాంతో పాటు రెండోదాన్ని కూడా వదులుకుంటే నష్టపోయేది మనమే.

ప్రభుత్వం కూడా ఈ మాటే అంటోంది, మన దాకా చేరలేదంతే. 2022 జులైలో కేంద్ర వినియోగదారుల శాఖ రిపేరు హక్కు మీద ఒక కమిటీ వేసింది. అదే ఏడాది డిసెంబర్ 24న రిపేరు హక్కు పోర్టల్ మొదలైంది. సెల్‌ఫోన్లు, వ్యవసాయ యంత్రాలు, బండ్లు, ఇంట్లో వాడే సామాన్లు బాగుచేసుకునే సమాచారం కంపెనీలు అందులో పెట్టాలన్నది ఉద్దేశం. 2023 ఏప్రిల్ నుంచి అమల్లో ఉన్న ఈ-వ్యర్థాల నియమాల జాబితాలో చేతిలో పట్టుకొని ఆడే వీడియో గేములు కూడా ఉన్నాయి. అంటే వీటిని చెత్తకుప్పలో పడేయడానికి లేదు. సరే, పడేయొద్దన్నప్పుడు బాగుచేయడం ఎవరు నేర్పుతారు?

గేమ్‌బాయ్ పలికాక మా గది రిపేరు షాపయింది. మెస్ అక్క టీవీ రిమోట్ తెచ్చింది, అదే రబ్బరు, అదే బిళ్ళ, తుడిస్తే పలికింది. తమ్ముడికి ఎనిమిదో తరగతిలో స్కూల్లో ఇచ్చిన ట్యాబ్ చార్జింగ్ ఎక్కక ఏడాదిగా ట్రంకు పెట్టెలో ఉంది. ఆఫ్ చేసి, చార్జింగ్ రంధ్రంలో పుల్లతో మెల్లగా లాగితే దుమ్ము, దూది ఉండలా వచ్చింది. ఎక్కింది. ఏడాది పాటు ఆ పిల్లోడికి ట్యాబ్ లేకుండా చేసింది చిటికెడు దూది. రిపేరుకు తీసకపోవడానికి మొహమాటం, అడిగితే ఏమంటారో అని భయం. ఇట్లాంటి ట్యాబ్‌లు, ఫోన్లు మన కాలనీల్లో ఎన్ని ట్రంకు పెట్టెల్లో ఉన్నాయో మీరే ఆలోచించండి.

అందుకే మా అభిప్రాయం ఇది. ప్రతి ఎస్టీ హాస్టల్లో ఒక పనిముట్ల పెట్టె ఉండాలి. స్క్రూడ్రైవర్ల సెట్, ఒక మల్టీమీటర్, బ్రష్, ఐపీఏ, కాస్త తెలిసినాక ఒక సోల్డరింగ్ ఐరన్. వారానికి ఒక గంట, ఆదివారం. కరెంటు పెట్టి వాడే వస్తువులు మాత్రం తెలిసిన మెకానిక్ ఉంటేనే ముట్టుకోవాలి, సెల్లులతో నడిచేవాటితో మొదలుపెడితే చాలు. మన యానాదుల కోసమే నెల్లూరులో ఐటీడీఏ ఉంది. దరఖాస్తు రాస్తున్నాం, మిగతా హాస్టళ్ళు కూడా సంతకం పెడితే బరువుంటుంది. మంజూరయ్యేదాకా ఆగక్కర్లేదు. గదికి నలుగురు కలిస్తే మొదటి సెట్ వచ్చేస్తుంది, మాకు వచ్చింది కదా.

అన్నలూ, మమ్మల్ని ఆఫీసర్లు కమ్మంటున్నారు, అవుతాం. కానీ ఫైలు తెరవడం ఒక్కటే కాదు, పెట్టె తెరవడం కూడా వచ్చిన ఆఫీసర్లమవుతాం. పాడైనవి మాత్రమే మనకిచ్చే లోకమిది. పాడైనదాన్ని పలికించడం వస్తే, ఇచ్చినవాళ్ళ దయ కంటే మన పని పెద్దదవుతుంది.

గేమ్‌బాయ్ పలికిందని అమ్మకు ఫోన్ చేసి చెప్పాం. కాసేపు ఏం మాట్లాడలేదు. తర్వాత, "వాళ్ళు మళ్ళీ అడగరు కదా నాయనా?" అంది. అడగరమ్మా అన్నాం. అడిగినా, ఇది మీరిచ్చిన వస్తువు కాదు, మా పిల్లలు బాగుచేసుకున్న వస్తువు అని అమ్మ తలెత్తి చెప్పాలని మా కోరిక.

ఆడనప్పుడు సెల్లులు తీసి పక్కన పెడుతున్నాం. మీరూ మీ ఇంట్లో రిమోట్లలో, గడియారాల్లో అయిపోయిన సెల్లులుంటే ఈ రోజే తీసేయండి. మీ ట్రంకు పెట్టెలో ఏం మూలుగుతోందో రాయండి, కలిసి చూద్దాం.

— సీతారామపురం పిల్లలం, ఆత్మకూరు హాస్టల్