ఉగ్గానికి ఉగ్గాని పెట్టొద్దు!

"అన్నా, మా బియర్డెడ్ డ్రాగన్ పది రోజుల నుంచి పురుగులు ముట్టడం లేదు. వెనక కాళ్లు వణుకుతున్నాయి. అవ్వ రోజూ చుక్కకూర వేస్తోంది. అదైతే ఇష్టంగానే తింటోంది. ఏమన్నా ప్రాబ్లమా?"

ఆళ్లగడ్డ నుంచి ఓ తమ్ముడు పంపిన వాయిస్ మెసేజ్ ఇది. నంద్యాలలో బీటెక్ చదువుతున్నాడు. బెంగళూరు నుంచి డ్రాగన్‌ను తెచ్చుకున్నాడు. హాస్టల్లో ఒప్పుకోరుగా, ఊర్లో అవ్వ దగ్గర వదిలాడు. పాపం ఆమె దాన్ని మనవడిలాగే చూసుకుంటోంది, రోజూ తాజా ఆకుకూర కోసి మరీ పెడుతోంది.

ప్రాబ్లమే తమ్ముడూ. పెద్దదే. చుక్కకూర ఈ రోజే ఆపు. కాళ్లు వణుకుతున్నాయంటే తిండి మార్చి ఊరుకుంటే చాలదు, డాక్టర్ చూడాలి. ఎక్కడ అనేది కింద చెప్తా. ఇలాంటి మెసేజ్‌లు ఈ మధ్య ఎక్కువయ్యాయి కాబట్టి మిగతావాళ్లకీ పనికొస్తుందని ఈ వారం కాలమ్ మొత్తం దీనికే ఇచ్చేస్తున్నా.

ముందు ఈ జీవి సంగతి. పేరు డ్రాగన్ గానీ, మన కంచెల మీద తల ఊపుతూ కూర్చునే తొండకు దూరపు చుట్టం. రెండిటిదీ అగామిడే కుటుంబమే. సొంతూరు ఆస్ట్రేలియా నడిబొడ్డున ఉండే ఎండు నేలలు. కోపం వస్తే గొంతు కింద ముళ్ల సంచి ఉబ్బి నల్లబడుతుంది, గడ్డం పెంచినట్టు. అందుకే ఆ పేరు. బాగా చూసుకుంటే పదేళ్ల దాకా బతుకుతుంది. అంటే మీ బీటెక్ అయిపోయి, ఉద్యోగం వచ్చి, పెళ్లయినా అది మీతోనే ఉంటుంది. కొనేముందు ఆ లెక్క ఒకసారి వేసుకోండి.

మా ఇంట్లోనూ ఒకటుంది. పసుపు రంగు చూసి మా చెల్లి దానికి ఉగ్గాని అని పేరు పెట్టింది. ఇంటికొచ్చిన ప్రతివాళ్లూ "ఉగ్గానికి ఉగ్గాని పెట్టారా?" అని జోకేస్తారు. పెట్టం. బొరుగులు, అన్నం, జొన్నరొట్టె, బిస్కెట్... ఇవేవీ దాని తిండి కావు. పాలు, పెరుగు అసలే వద్దు, వాటిని అరిగించుకునే ఏర్పాటు బల్లుల కడుపులో లేదు.

ఇప్పుడు చుక్కకూర దగ్గరికొద్దాం. దాని పులుపుకు కారణం ఆక్సాలిక్ ఆమ్లం. కిడ్నీలో రాళ్లున్నవాళ్లకు డాక్టర్లు కొన్ని ఆకుకూరలు తగ్గించమంటారు చూడండి, అదే ఇది. ఈ ఆక్సాలేట్ కడుపులో కాల్షియంను పట్టుకుని ఒంటికి పట్టనివ్వదు. మనిషికి పప్పులో నాలుగు ఆకులు పడితే ఏం కాదు. అరచేయంత జీవికి రోజూ అదే పూర్తి భోజనమైతే లెక్క తప్పుతుంది. రక్తంలో కాల్షియం తగ్గగానే ఒళ్లు దాన్ని ఎముకల నుంచి లాక్కోవడం మొదలుపెడుతుంది. దవడ రబ్బరులా మెత్తబడుతుంది, కాళ్లు వంకర పోతాయి, వేళ్లు, కాళ్లు వణుకుతాయి. నమలడానికి దవడకు బలం లేక పురుగులు మానేస్తుంది, మెత్తటి ఆకు మాత్రం మింగుతుంది. చూసేవాళ్లకేమో "ఆకు ఇష్టంగా తింటోంది" అనిపిస్తుంది. దీన్ని మెటబాలిక్ బోన్ డిసీజ్ అంటారు. ఇంట్లో పెంచే బల్లుల్లో చాలా కనిపించే జబ్బు ఇదే. ముందుగా పట్టుకుంటే ఆపొచ్చు. వంగిపోయిన ఎముక మాత్రం మళ్లీ తిన్నగా కాదు.

పాలకూర, బీట్‌రూట్ ఆకు కూడా ఈ బాపతే. గోంగూర కూడా పుల్లనే, దాన్నీ పక్కన పెట్టండి. తోటకూర ఎప్పుడో ఓసారి అయితే ఓకే. వీటిని విషం అనను, రోజువారీ తిండి కాదంటాను. అచ్చంగా విషం అనదగ్గవి వేరే ఉన్నాయి. అవకాడో ముక్క కూడా వద్దు. ఎర్రగడ్డ, తెల్లగడ్డ, చాక్లెట్ అంతే. నిమ్మ, బత్తాయి లాంటి పుల్లటి పండ్లు కడుపు పాడు చేస్తాయి.

మరేం పెట్టాలి? అదృష్టం ఏంటంటే మన రాయలసీమ పెరట్లోనే సగం మెనూ ఉంది. మునగాకులో కాల్షియం బాగా ఉంటుంది, మిగతా ఆకుల్లో కొంచెం కలపండి. మందార ఆకు, మందార పువ్వు రెండూ పెట్టొచ్చు. మా ఉగ్గాని ఎర్ర మందారం కనిపిస్తే చాలు, గాజు తలుపు గీకుతుంది. మల్బరీ ఆకు మంచిది. కూరగాయల్లో గుమ్మడి తురుము, సన్నగా తరిగిన బెండకాయ బాగా పనికొస్తాయి. క్యారెట్ కొద్దిగా. బొప్పాయి, మామిడి వారానికి ఒకటి రెండు చిన్న ముక్కలు, అంతకుమించితే విరేచనాలే. చేల గట్ల మీద పెరిగే నాగజెముడు కూడా తింటుంది. అట్టముక్కల్లా చదునుగా ఉంటుందే, అది. పెద్ద ముళ్లతో పాటు, కంటికి సరిగా కనిపించని నూగు ముళ్లన్నీ తీసేసి, తొక్క చెక్కి పెట్టాలి. ఒక్క జాగ్రత్త: గిల్లితే తెల్లటి పాలు కారే జెముడు వేరే జాతి, విషం. పాలు కారిందంటే పారేయండి. గన్నేరు, జిల్లేడు, ఉమ్మెత్త గురించి మీకు చెప్పక్కర్లేదనుకుంటా.

ఆకు ఎంత, పురుగు ఎంత అనేది వయసును బట్టి. పిల్లలకు మూడొంతుల దాకా పురుగులే కావాలి, రోజుకు రెండు మూడుసార్లు. ఏడాది దాటాక తిరగబడుతుంది: ఆకులు, కూరగాయలు ఎక్కువ, పురుగులు వారానికి రెండు మూడుసార్లు. పెద్దయ్యాక కూడా పురుగులే పెడుతూ పోతే లావెక్కి, లివర్ పాడవుతుంది. పురుగు సైజు దాని రెండు కళ్ల మధ్య దూరం కంటే పెద్దదిగా ఉండకూడదు.

అసలు డేంజర్ పురుగుల దగ్గరే ఉంది. "కొనడం దండగ, చేలో మిడతలు బోలెడున్నాయి" అంటారు మనవాళ్లు. నంద్యాల చుట్టూ ఏముంది? పత్తి, మిరప, కె.సి. కాలువ కింద వరి. మందు కొట్టని చేను ఎక్కడుందో వెతకాలి. మందు తగిలిన మిడత రెండు రోజులు బతికే ఉండొచ్చు, కానీ దాన్ని తిన్న మీ డ్రాగన్ తట్టుకోలేకపోవచ్చు. మందు లేని చోట కూడా అన్ని పురుగులూ మంచివి కావు. జిల్లేడు చెట్ల మీద పసుపు, నీలం చారలతో అందంగా ఉండే మిడత చూశారా? అది జిల్లేడు విషాన్ని తన ఒంట్లోనే దాచుకుంటుంది. వానాకాలంలో కంది పూత మీద, మందారాల మీద నలుపు, నారింజ పట్టీలతో ఓ పెంకు పురుగు వాలుతుంది, చేతికి తగిలితే బొబ్బలొస్తాయి. దాన్నీ దగ్గరికి రానివ్వొద్దు. మందారం కోసినప్పుడు పువ్వు లోపల దులిపి చూడండి.

అన్నిటికన్నా ఘోరం మిణుగురు పురుగు. ఒక్కటి చాలు, గంటల్లో ప్రాణం పోతుంది. దాని ఒంట్లోని విషం నేరుగా గుండె మీద పడుతుంది. అమెరికాలో పెంపుడు డ్రాగన్లు ఇలాగే చనిపోయాయని పశువైద్యులు 1990ల్లోనే రాసి పెట్టారు. నల్లమల అంచు ఊళ్లలో ఉండేవాళ్లు తొలకరి తర్వాత రాత్రిళ్లు కిటికీలకు దోమతెర వేసుకోండి.

సేఫ్‌గా ఉండాలంటే పెంచిన కీచురాళ్లు, బ్లాక్ సోల్జర్ ఫ్లై లార్వా కొనుక్కోండి, లేదా ఇంట్లోనే పెంచుకోండి. హిందూపురం, మదనపల్లె వైపు చుట్టాలుంటే పట్టుపురుగులు అడగండి, మెత్తగా ఉంటాయి, అరుగుతాయి. రోగమొచ్చి పారేసిన పురుగులు మాత్రం తేవద్దు. పెట్టేముందు రోజు ఆ పురుగులకు మంచి ఆకులు మేపండి, పెట్టేటప్పుడు కాల్షియం పొడి చల్లండి. ఇంట్లో అమ్మ వేసుకునే టాబ్లెట్ నూరి పెట్టడం లాంటివి వద్దు. అందులోని డి విటమిన్ మోతాదు మనిషి ఒంటికి లెక్కేసింది.

కాల్షియం ఎంత పెట్టినా యూవీబీ వెలుగు లేకపోతే అది ఒంటికి పట్టదు. ఆ లైటు వెలుగుతున్నా ఆర్నెల్ల నుంచి ఏడాదిలో యూవీబీ తగ్గిపోతుంది, మార్చాలి. కిటికీ అద్దం లోంచి వచ్చే ఎండ లెక్కలోకి రాదు, అద్దం యూవీబీని ఆపేస్తుంది. "మన దగ్గర ఎండకేం కొదవ!" అంటారా? నిజమే, పొద్దున ఎనిమిది, తొమ్మిది మధ్య మిద్దె మీద ఓ ఇరవై నిమిషాలు కూర్చోబెట్టండి. పక్కన నీడ ఉండాలి, మీరూ ఉండాలి, కాకులుంటాయి. గాజు పెట్టెతో సహా మాత్రం ఎండలో పెట్టకండి, లోపల ఉడికిపోతుంది. అది చలికాచుకునే చోటు 40 డిగ్రీలుంటే చాలు, చల్లటి మూల 30 లోపు ఉండాలి. మే నెలలో నంద్యాల గదిలో ఆ చల్లటి మూల దొరకడమే కష్టం. అప్పుడు హీట్ బల్బు ఆపి, కూలర్ పెట్టాల్సిందే.

ఇంకొకరు అడిగారు: "ఇంత ఖర్చెందుకన్నా, అడవి నుంచి ఉడుము పిల్లను తెచ్చి పెంచితే?" వద్దు. ఉడుము 1972 వన్యప్రాణి సంరక్షణ చట్టంలో షెడ్యూల్ 1 జీవి. పట్టినా, పెంచినా జైలే. నక్షత్ర తాబేలు, రామచిలుక పెంచడమూ నేరమే. డ్రాగన్ కొన్నా బిల్లు, ఎక్కడ పుట్టిందనే వివరం రాయించుకోండి. ఆస్ట్రేలియా తన జంతువులను వ్యాపారానికి బయటికి పంపడం 1960ల్లోనే ఆపేసింది. "డైరెక్ట్ ఆస్ట్రేలియా పీస్" అని ఎవరైనా అమ్మితే నమ్మకండి.

ఇక తమ్ముడూ, నీ సంగతి. మన ఊళ్ల పశువుల ఆసుపత్రుల్లో ఎక్కువగా చూసేది బర్రెలు, గొర్రెలు. నీకు దగ్గరలో ప్రొద్దుటూరులో వెటర్నరీ కాలేజీ ఉంది, తిరుపతిలో ఇంకోటి ఉంది. బల్లుల జాతిని చూస్తారా అని ముందు ఫోన్ చేసి అడుగు. లేదంటే బెంగళూరులో ఎక్సోటిక్ పెట్ డాక్టర్ అపాయింట్‌మెంట్ తీసుకో. ఎక్స్‌రే తీయమను. అమ్మినవాడికి కూడా ఫోన్ కలుపు, యూవీబీ లైటు ఇచ్చాడా, ఇస్తే ఎప్పటిదో కనుక్కో. ప్రయాణంలో గాలి ఆడే చిన్న డబ్బాలో మెత్తటి గుడ్డ వేసి పడుకోబెట్టు, కాళ్లు పట్టుకుని ఎత్తకు, ఎముకలు విరిగే స్థితిలో ఉండొచ్చు. పొట్ట కింద అరచెయ్యి పెట్టి ఎత్తు. అవ్వను ఏమీ అనకు, చుక్కకూర బదులు మునగాకు, మందారం కోయమని చెప్పు. డాక్టర్ ఏమన్నారో నాకు మెసేజ్ పెట్టు.