కొన్న ఆటకు కొన్నవాడు యజమాని కాడా?

2025 ఆగస్టులో పార్లమెంటు వర్షాకాల సమావేశాలు ముగియవస్తున్న వేళ ఆన్‌లైన్ ఆటల ప్రోత్సాహం, నియంత్రణలకు సంబంధించిన బిల్లు లోక్‌సభ ముందుకు వచ్చింది. 20వ తేదీన ప్రవేశపెట్టారు, ఆనాడే ఆమోదించారు. మరునాడు రాజ్యసభ వంతు తీరింది. 22న రాష్ట్రపతి సమ్మతి లభించింది. ప్రతిపక్షాల నినాదాల హోరులో, మూజువాణి ఓటుతో, చర్చ అనదగిన చర్చ లేకుండానే ఒక శాసనం పుట్టింది. డబ్బు ఒడ్డి ఆడే ఆటలను అది నిషేధించింది. పందెపు వ్యసనంలో కాపురాలు కూలిన కథలు తెలిసిన వారెవరికీ ఆ లక్ష్యంతో పేచీ ఉండదు. అయితే పందెం జోలికి పోకుండా, దుకాణంలో ధర చెల్లించి ఒక ఆటను కొనుక్కొని, తన ఇంట తన కంప్యూటరుపై ఆడుకొనే మనిషి సంగతి ఏమిటి? అతని హక్కులను గురించి ఆ శాసనంలో ఒక్క ముక్కైనా లేదు.

అతనికేమి కష్టం వచ్చిందని కొందరు విజ్ఞులు అడుగవచ్చు. కష్టం ఇది: అతడు నిన్న రాత్రి ఆడి మూసిన ఆట, తెల్లవారి తెరిచేసరికి అదే ఆటగా ఉంటుందన్న భరోసా లేదు. అతడు నిద్రించిన వేళ, అతని కరెంటు ఖర్చుతో, అతని ఇంటర్‌నెట్ ఖర్చుతో, అమ్మినవాడు వచ్చి సరుకు మార్చిపోతాడు. దీనిని అప్‌డేట్ అంటారు. వాల్వ్ అనే అమెరికన్ సంస్థ 2003లో నెలకొల్పిన ‘స్టీమ్’ నేడు కంప్యూటర్ ఆటల లోకంలో అతి పెద్ద అంగడి. అక్కడ కొన్న ఆటకు అప్‌డేట్ ఎప్పుడు రావాలో కొంతవరకు నిర్ణయించుకోవచ్చు. వెంటనే రావచ్చు, రాత్రి ఫలానా గంటల మధ్య రావచ్చు, ఆట తెరిచినప్పుడు మాత్రమే రావచ్చు. కాని “నాకు వద్దు” అని చెప్పే మీట మాత్రం లేదు. మన సభలలో ఓటింగు జరిగినప్పుడు అవును, కాదు, తటస్థం అని మూడు మీటలుంటాయి. ఇక్కడ ఉన్నవన్నీ అవునులే.

వద్దనవలసిన అవసరం ఎందుకు వస్తుంది? ఒక ఉదాహరణ వివరంగా చెప్పుకోవలసి ఉంది. బెథెస్డా సంస్థ 2015లో ‘ఫాల్అవుట్ 4’ అనే ఆటను విడుదల చేసింది. ఈ సంస్థ ఆటలలో విశేషమేమంటే, కొనుగోలుదారులే వాటికి కొత్త కథలు, కొత్త ఊళ్లు, కొత్త పాత్రలు చేర్చుకొంటారు. వీటిని ‘మాడ్’లు అంటారు. కొందరు ఉత్సాహవంతులు పైసా జీతం లేకుండా, ఏళ్ల తరబడి శ్రమించి, లండన్ నగరాన్నే ఈ ఆటలో నిర్మించారు. ‘ఫాల్అవుట్: లండన్’ పేరుతో 2024 ఏప్రిల్ 23న దానిని విడుదల చేయాలని తలపెట్టారు. ఇంతలో ఆ ఆట ఆధారంగా తీసిన టెలివిజన్ ధారావాహిక విజయవంతమయింది. ఆ ఊపులో బెథెస్డా వారు తొమ్మిదేళ్ల నాటి ఆటకు ఏప్రిల్ 25న ఒక పెద్ద ఉచిత అప్‌డేట్ రానున్నదని ప్రకటించారు. అది వచ్చిపడితే మాడ్‌లకు ఊతమైన ఉపకరణాలు పనిచేయకుండా పోతాయి. లండన్ నిర్మాతలు విడుదలను వాయిదా వేసుకొన్నారు. చివరకు జూలై 25న అది వెలువడింది. అయితే ఆడదలచినవారు ముందుగా తమ ఆటను పాత రూపానికి వెనక్కు మళ్లించుకోవలసి వచ్చింది. ముందుకు పోవడానికి వెనక్కు నడవవలసిన ఈ విడ్డూరానికి కారణం సాంకేతికమైన అవసరం కాదు. వద్దనే మీట లేకపోవడమే.

ఇది మొదటిసారి కూడా కాదు. ఇదే సంస్థవారి ‘స్కైరిమ్’ ఆటకు 2021 నవంబరులో వచ్చిన సవరణ ఇటువంటి చిక్కునే తెచ్చింది. 2002 నాటి ‘వార్‌క్రాఫ్ట్ 3’ విషయం మరీ అన్యాయం. 2020 జనవరిలో దానికి మెరుగులు దిద్దిన కొత్త కూర్పు వచ్చింది. కొత్తది కొనని వారి కంప్యూటర్లలో సైతం పాత ప్రోగ్రామును తొలగించి కొత్తదానిని కూర్చోబెట్టారు. అంతకుముందున్న ర్యాంకుల పోటీ, ఆటగాళ్ల సంఘాల ఏర్పాటు అందులో లేవు. 2008లో వచ్చిన ‘గ్రాండ్ థెఫ్ట్ ఆటో 4’లో పాత్రలు కారు నడుపుతూ రేడియో వింటాయి. ఆ పాటల హక్కుల గడువు తీరినదని 2018 ఏప్రిల్‌లో అప్‌డేట్ ద్వారా అనేక పాటలు తీసివేశారు. ఏనాడో డబ్బు చెల్లించినవారి ఆటలలోనుంచి కూడా తీసివేశారు. ఇంటికి తెచ్చుకొన్న పుస్తకంలోనుంచి అచ్చువేసినవాడు వచ్చి పుటలు చింపుకొనిపోతే ఊరుకొంటామా? అలాగని ఇది పోలిక కోసం చెప్పిన మాట మాత్రమే అనుకోరాదు. 2009 జూలైలో అమెజాన్ సంస్థ పాఠకుల కిండిల్ యంత్రాలలోనుంచి ఒక పుస్తకాన్ని నిజంగానే తొలగించింది, తరువాత క్షమాపణ చెప్పుకొన్నది. ఆ పుస్తకం జార్జ్ ఆర్వెల్ రచించిన ‘1984’ కావడం విధి పరిహాసం.

మన దేశంలో దీనికి మరొక ముఖం ఉంది. పెద్ద ఆటలకు వచ్చే ఒక్కొక్క అప్‌డేట్ పదుల గిగాబైట్లు ఉండవచ్చు. రోజుకు గిగాబైటున్నర, రెండు గిగాబైట్ల చొప్పున రీఛార్జి చేయించుకొని, ఫోనునుంచి కంప్యూటరుకు కలుపుకొనే విద్యార్థికి అది ఎన్ని రోజుల రేషనో లెక్క వేసుకోవచ్చు. ఢిల్లీ ముఖర్జీనగర్ అద్దె గదులలో ఒకే కనెక్షనును నలుగురు పంచుకొనే మన తెలుగు పిల్లలకు ఈ బాధ బోధపడుతుంది. పోటీ పరీక్షలకు చదివేవారికి ఆటలేమిటని ముక్కున వేలు వేసుకోనక్కరలేదు. ఒకని ఆట అప్‌డేట్ అవుతున్నదంటే రెండవవాని పాఠం ఆగిపోయిందనే అర్థం.

అప్‌డేట్లన్నీ అనర్థాలేనని ఈ విలేఖరి వాదించడం లేదు. 2017 మే నెలలో ‘వన్నాక్రై’ అనే వైరస్ ప్రపంచాన్ని వణికించింది. దానికి విరుగుడును మైక్రోసాఫ్ట్ వారు రెండు నెలల ముందే, మార్చిలోనే పంపారు. వేయించుకోనివారే ప్రధానంగా దెబ్బతిన్నారు. వారిలో ఆంధ్రప్రదేశ్ పోలీసు శాఖ కూడా ఉంది. అయితే 2024 జూలై 19న జరిగింది దీనికి సరిగ్గా విపర్యయం. క్రౌడ్‌స్ట్రైక్ అనే భద్రతా సంస్థ పంపిన లోపభూయిష్టమైన అప్‌డేట్ తనంతట తానే చొరబడి, మైక్రోసాఫ్ట్ అంచనా ప్రకారం, 85 లక్షల కంప్యూటర్లను నేలకూల్చింది. హైదరాబాదు విమానాశ్రయంలో ప్రయాణికులకు చేతితో రాసిన బోర్డింగ్ పాసులు ఇచ్చారు. కాబట్టి విచక్షణ అవసరం. భద్రతకు సంబంధించిన సవరణ వేరు, సరుకునే మార్చే సవరణ వేరు. పదిమందితో కలిసి ఆన్‌లైన్‌లో ఆడే ఆటలో అందరి దగ్గరా ఒకే కూర్పు ఉండాలన్న వాదనలోనూ న్యాయం ఉంది. ఒంటరిగా ఆడుకొనే ఆటకు ఆ వాదన ఎలా వర్తిస్తుంది?

మీట లేకపోయినా అడ్డదారులున్నాయి. స్టీమ్‌లో ఆట పేరుపై కుడి క్లిక్ చేసి, ప్రాపర్టీస్‌లోని అప్‌డేట్స్ విభాగంలో, ఆట తెరిచినప్పుడే అప్‌డేట్ చేయమన్న ఏర్పాటును ఎంచుకోవాలి. పిమ్మట ఆఫ్‌లైన్ పద్ధతిలో స్టీమ్‌ను తెరిచి ఆడుకోవాలి. మరికొందరు స్టీమ్‌యాప్స్ అనే ఫోల్డరులో ఆ ఆటకు సంబంధించిన మానిఫెస్ట్ ఫైలును ‘రీడ్ ఓన్లీ’గా మారుస్తారు. అప్పుడు స్టీమ్ దానిలో మార్పులు రాయలేక చతికిలబడుతుంది. ఇది పూర్తిగా నమ్మదగిన ఉపాయం కాదు కనుక ఆట ఉన్న ఫోల్డరుకు ఒక నకలు తీసి వేరొక డిస్కులో భద్రపరచుకోవడం మేలు. కొందరు నిర్మాతలు, ముఖ్యంగా స్వీడన్‌కు చెందిన పారడాక్స్ వంటివారు, పాత కూర్పులను అదే ప్రాపర్టీస్‌లోని బీటాస్ విభాగంలో అందుబాటులో ఉంచుతారు. ఎపిక్ దుకాణంలో ఆటోమేటిక్ అప్‌డేట్‌ను ఆపే ఏర్పాటు ఉంది. పోలండ్‌లో పుట్టిన ‘గాగ్’ అన్నిటికంటే మర్యాదస్తుడు. అప్‌డేట్ ఆపనిస్తుంది, అనేక ఆటలను పాత కూర్పుకు మళ్లించనిస్తుంది, ఇంటర్‌నెట్ అవసరం లేని ఇన్‌స్టాలరును దాచుకోనిస్తుంది. అంటే ఇది అసాధ్యం కాదనీ, తలచినవాడు చేస్తున్నాడనీ రుజువైనట్లే.

ఇక చట్టం సంగతి. ఇందులో మన రాష్ట్రానికి సంబంధించిన ఒక ఘట్టం ఉంది. డిస్కుపై అమ్మే సిద్ధ సాఫ్ట్‌వేరు ‘సరుకు’ అవునా కాదా అన్న వివాదం ఆంధ్రప్రదేశ్ అమ్మకపు పన్ను కారణంగా తలెత్తి, టాటా కన్సల్టెన్సీ సర్వీసెస్‌కు, ఆంధ్రప్రదేశ్ ప్రభుత్వానికి మధ్య వ్యాజ్యంగా సుప్రీంకోర్టుకు చేరింది. 2004 నవంబరులో రాజ్యాంగ ధర్మాసనం అది సరుకేనని తీర్పు చెప్పింది. పన్ను వసూలుకు సరుకు. మరి కొన్నవాని హక్కు విషయానికి వచ్చేసరికి? అమ్మకందారుల షరతుల పత్రం దానిని కేవలం లైసెన్సు అంటుంది. కాలిఫోర్నియా రాష్ట్రం 2024లో ఒక చట్టం చేసి, అమ్ముతున్నది లైసెన్సు మాత్రమే అయితే ఆ మాట కొనేవానికి స్పష్టంగా చెప్పి తీరాలని 2025 జనవరి 1 నుంచి విధించింది. ఇది నిజం చెప్పించింది కాని నష్టం ఆపలేదు.

యూరపు మరింత ముందుకు పోయింది. అక్కడి 2019 నాటి డిజిటల్ సరుకుల నిర్దేశం 2022 జనవరి 1 నుంచి అమలులో ఉంది. దాని 19వ అధికరణం ప్రకారం అవసరానికి మించిన మార్పు చేయాలంటే ఒప్పందంలో అందుకు చోటు, సరైన కారణం ఉండాలి. అదనపు ఖర్చు మోపరాదు, సమాచారం ఇవ్వాలి. మార్పువల్ల చెప్పుకోదగిన నష్టం కలిగితే కొన్నవాడు 30 రోజులలోగా ఒప్పందం రద్దు చేసుకోవచ్చు. ఈ రద్దు బెడద తప్పించుకొనేందుకు అమ్మకందారుకు అదే అధికరణం ఒక మార్గం చూపింది: మార్పు లేని పాత సరుకునే, అదనపు ఖర్చు లేకుండా, ఉంచుకొనే వీలు కొన్నవానికి కల్పించడం. మనం అడిగే మీట ఇదే కదా!

మన 2019 నాటి వినియోగదారుల పరిరక్షణ చట్టంలో ‘అన్యాయమైన ఒప్పందం’ అన్న భావన ఉంది. కాని దానిపై ఫిర్యాదు జిల్లా కమిషన్‌లో చెల్లదు. రాష్ట్ర కమిషన్‌కో, జాతీయ కమిషన్‌కో పోవలసిందే. వెయ్యి రూపాయల ఆట కోసం విజయవాడకో, హైదరాబాదుకో తిరిగేవారెవరు? 2022లో కేంద్ర వినియోగదారుల శాఖ ‘మరమ్మతు హక్కు’పై సంఘం వేసింది. ట్రాక్టర్లు, ఫోన్లు, గృహోపకరణాలు, వాహనాలు దాని పరిధిలో ఉన్నాయి. సాఫ్ట్‌వేరును ఉన్నది ఉన్నట్లుగా ఉంచుకొనే హక్కు అందులోకి రాలేదు.

దీనికి కొత్త బిల్లు కోసం ఎదురుచూడనక్కరలేదన్నది ఈ విలేఖరి అభిప్రాయం. కేంద్ర వినియోగదారుల పరిరక్షణ ప్రాధికార సంస్థ 2023 నవంబరు 30న, ఉన్న చట్టం కిందనే, ఆన్‌లైన్ వ్యాపారంలోని మాయోపాయాలపై మార్గదర్శకాలు జారీ చేసింది. అందులో 13 మాయలను పేర్కొన్నది. లేని తొందర కల్పించడం, అడగని సరుకు బుట్టలో వేయడం, పదే పదే విసిగించడం వంటివి వాటిలో ఉన్నాయి. వద్దనే అవకాశం ఇవ్వకుండా కొన్న సరుకును మార్చడం పద్నాలుగవదిగా చేర్చడానికి పార్లమెంటు అనుమతి అవసరం లేదు. భద్రతా సవరణలను, ఆన్‌లైన్ పోటీ ఆటలను మినహాయించి, మిగిలిన వాటికి పాత కూర్పు నిలుపుకొనే వీలు ఉండాలని ఒక పేరాలో రాస్తే సరిపోతుంది. రానున్న సమావేశాలలో ఏ తెలుగు సభ్యుడైనా దీనిపై ఒక నక్షత్ర గుర్తు ప్రశ్న వేస్తే మంత్రి సభలో లేచి నోటితో సమాధానం చెప్పవలసి వస్తుంది, ఆనాడు ప్రశ్నోత్తరాల సమయం సాగితే.