తాత పోతే.. ఆయన కేసు కూడా పోయినట్టేనా?

తాత వేసిన భూమి కేసు మనవడు ఉద్యోగంలో చేరినా తేలకపోవడం మన ఊళ్లలో కొత్తేం కాదు. దేశంలోని జిల్లా, కింది కోర్టుల్లోనే 4 కోట్లకు పైగా కేసులు పెండింగ్‌లో ఉన్నాయి. ఇన్నేళ్ల వాయిదాల్లో కేసు వేసినవాళ్లే కన్నుమూస్తే? జవాబు తెలియక ఆస్తి పోగొట్టుకునే కుటుంబాలున్నాయి. మీరు లా చదువుతున్నా, చదవకపోయినా ఇది తెలిసి ఉండాలి.

సివిల్ కేసుల్లో సంగతి తేల్చేది సివిల్ ప్రొసీజర్ కోడ్‌లోని ఆర్డర్ 22. కోర్టు చూసేది ఒక్కటే: పోయిన మనిషి హక్కు వారసులకు దక్కేదా, కాదా? భూమి, ఇల్లు, రావాల్సిన బాకీ అయితే దక్కుతుంది. కేసు బతికే ఉంటుంది. ఉద్యోగం నుంచి తీసేశారని పోరాడుతున్న ఉద్యోగి మరణిస్తే, తిరిగి కొలువు ఎలాగూ కుదరదు. కానీ జీతం బకాయిలు, పెన్షన్ కోసం కుటుంబం కొనసాగించవచ్చు. పరువు నష్టం దావా మాత్రం తీర్పు రాకముందే వేసినవాళ్లు పోతే అక్కడితో ముగుస్తుంది. విడాకుల పిటిషనూ అంతే.

90 రోజుల గడువు

హక్కు ఉంటే సరిపోదు, అడగాలి. మరణించిన రోజు నుంచి 90 రోజుల్లోపు వారసులను కేసులో చేర్చాలని కోర్టును కోరాలి. దీన్నే ఎల్ఆర్ పిటిషన్ అంటారు. దాటితే కేసు దానంతటదే ‘అబేట్’ అవుతుంది, అంటే రద్దయినట్టే. దాన్ని తిరగదోడమని అడగడానికి మరో 60 రోజులుంటాయి. అదీ దాటితే ఆలస్యానికి సరైన కారణం చూపి కోర్టును ఒప్పించాలి. అవతలి పార్టీ చనిపోయినా ఇదే లెక్క. వాళ్ల వారసులను చేర్చాల్సింది కేసు వేసిన మీరే.

‘వకీలు గారు చూసుకుంటార్లే’ అనుకోవద్దు. క్లయింట్ మరణంతో ఆ వకాలత్ ముగుస్తుంది. మరణం సంగతి తెలిస్తే కోర్టుకు చెప్పడం వరకే ఆయన బాధ్యత. కేసు నడపాలంటే వారసులు కొత్తగా వకాలత్ ఇవ్వాలి. అయితే వాదనలన్నీ ముగిసి తీర్పు ఒక్కటే మిగిలిన దశలో మరణిస్తే కేసు రద్దు కాదు.

క్రిమినల్ కేసుల దారి వేరు

ఫిర్యాదుదారు పోయినా ప్రభుత్వం నడిపే కేసు ఆగదు. నిందితుడు పోతే అతని మీద కేసు ముగుస్తుంది. జయలలిత ఆస్తుల కేసులో సుప్రీంకోర్టు 2016 జూన్‌లోనే తీర్పును రిజర్వ్ చేసింది. ఆమె డిసెంబరు 5న మరణించారు. 2017 ఫిబ్రవరి 14న వచ్చిన తీర్పులో ఆమెపై అప్పీళ్లు రద్దయ్యాయి, శశికళ సహా మిగతా ముగ్గురికి మాత్రం శిక్ష ఖాయమైంది. జైలు శిక్షపై అప్పీలు చేసుకున్న వ్యక్తి మధ్యలో మరణిస్తే, మచ్చ చెరిపేసేందుకు భార్య, భర్త, పిల్లలు, తల్లిదండ్రులు, తోబుట్టువులు 30 రోజుల్లోపు అనుమతి కోరి అప్పీలు నడపవచ్చు.

మీరేం చేయాలి?

- ఇంట్లో పెద్దల పేరిట ఉన్న కేసుల సీఎన్ఆర్ నంబర్లు ఇప్పుడే రాసి పెట్టుకోండి. ఈ-కోర్ట్స్ యాప్‌లో వాయిదాలు చూసుకోవచ్చు.
- మరణ ధ్రువపత్రంతోపాటు, మీసేవలో దరఖాస్తు చేసి తహసీల్దార్ ఇచ్చే ఫ్యామిలీ మెంబర్ సర్టిఫికెట్ తీసుకోండి.
- వారసులందరి పేర్లూ ఇవ్వండి. పెళ్లయిన అక్కచెల్లెళ్లను, విదేశాల్లో ఉన్న అన్నదమ్ములను వదిలేస్తే రేపు అదే కొత్త తగాదా అవుతుంది.

దుఃఖంలో ఉన్న ఇంట్లో కోర్టు మాట ఎత్తడం కష్టమే. దశదిన కర్మ అయ్యాక పెద్దవాళ్లు కోలుకోవడానికి టైమ్ పడుతుంది. ఆ 90 రోజుల్ని లెక్కపెట్టే పని చదువుకున్న మీరే తీసుకోండి.