చట్టము ఎవరి వ్రాత?



చట్టము శాసనసభలో పుడుతుందని మనము పాఠ్యపుస్తకాలలో చదువుకొన్నాము. సభ్యులు చర్చిస్తారు, ఓట్లు వేస్తారు, రాష్ట్రపతి ఆమోదిస్తారు, గెజెట్టులో అచ్చవుతుంది. ఇది నిజమే కాని సగము నిజము. తక్కిన సగము పొలముగట్ల మీద, నిర్వాసితుల శిబిరాలలో, సమాధుల వద్ద వ్రాయబడుతున్నది. ద్వేషముతో జరిగే నేరాలను శిక్షించే చట్టాల విషయములో ఈ మాట మరింత యథార్థము. అట్టి చట్టాల వెనుక ఊళ్ళ పేర్లు దాగి ఉన్నవి.

దొంగ ఒక ఇల్లు దోచితే నష్టపోయేది ఆ ఇంటివారు. కాని ఒక మనిషిని అతని కులము చూచి, మతము చూచి, ఒంటి రంగు చూచి కొట్టినప్పుడు దెబ్బ తగిలేది ఒక్కనికి, నిద్రపట్టనిది వాడ మొత్తానికి. రేపు మీ వంతు అన్న హెచ్చరిక ఆ దెబ్బలోనే ఉన్నది. అందువలననే సాధారణ శిక్షాస్మృతి ఇట్టి నేరానికి చాలదని పీడితులు వాదించినారు. ఆ వాదము నెగ్గడానికి చాలా కాలము పట్టినది.

1950లో అమలులోకి వచ్చిన మన రాజ్యాంగము 17వ అధికరణము ద్వారా అస్పృశ్యతను రద్దు చేసినది. 1955లో అస్పృశ్యతా నేరాల చట్టము వచ్చినది. 1976లో దానిని సవరించి పౌరహక్కుల పరిరక్షణ చట్టమని పేరు మార్చినారు. బావి, గుడి, హోటలు వంటి చోట్ల ప్రవేశము నిరాకరించడమే ముఖ్యమైన నేరముగా ఆ చట్టము భావించినది. అయితే కూలి పెంచమన్నందుకు, తలయెత్తి మాట్లాడినందుకు ప్రాణాలు తీసే హింస మాట ఏమిటి? 1968 డిసెంబరు 25న తమిళనాడులోని కీళ్‌వెణ్మణిలో 44 మంది దళిత కూలీల కుటుంబాలవారు గుడిసెలో సజీవదహనమయినారు. శిక్షపడిన భూస్వాములను 1973లో మద్రాసు హైకోర్టు విడిచిపెట్టినది.

తెలుగునాట ఈ ప్రశ్నను నలుగురి ముందు నిలబెట్టినది కారంచేడు. 1985 జూలై 17న నాటి ప్రకాశం జిల్లాలోని ఆ గ్రామములో ఆరుగురు దళితులు హత్యకు గురి అయినారు. ప్రాణాలు దక్కినవారు చీరాల చేరి శిబిరములో తలదాచుకొన్నారు. ప్రభుత్వమిచ్చే పరిహారము పుచ్చుకొని మౌనముగా ఊరికి మరలిపోలేదు. కత్తి పద్మారావు, బొజ్జా తారకం మొదలైనవారి నాయకత్వాన దళిత మహాసభ ఏర్పడినది. బాధితులు అడిగినది జాలి కాదు, హక్కు. నాలుగేళ్ళ తరువాత, 1989లో, షెడ్యూల్డు కులాల, తెగల అత్యాచారాల నిరోధక చట్టమును పార్లమెంటు ఆమోదించినది. దానికి కారంచేడు ఒక్కటే కారణమనడము అతిశయోక్తి కావచ్చును. దేశము నలుమూలల ఇట్టి ఊళ్ళు ఎన్నో ఉన్నవి. కాని చట్టము అక్షరాలను చూడండి: ముందస్తు బెయిలు నిరాకరణ, ప్రత్యేక న్యాయస్థానాలు, విధిని ఉపేక్షించిన అధికారికి శిక్ష. అధికారులు నేరస్థుల పక్షము వహిస్తారన్న అనుభవము లేనివారు ఈ సెక్షనులు కోరగలరా?

చట్టము వచ్చిన రెండేళ్ళకే, 1991 ఆగస్టు 6న, నాటి గుంటూరు జిల్లా చుండూరులో ఎనిమిదిమంది దళితులను చంపినారు. బాధితులు పట్టుబట్టి ప్రత్యేక న్యాయస్థానమును తమ ఊరిలోనే పెట్టించుకొన్నారు. 2007లో ఆ న్యాయస్థానము 21 మందికి యావజ్జీవ శిక్ష విధించినది. 2014లో హైకోర్టు ఆ శిక్షలను కొట్టివేసినది. కారంచేడు కేసులో సుప్రీంకోర్టు తుది తీర్పు 2008 డిసెంబరులో గాని రాలేదు. అంటే ఇరువది మూడేళ్ళు! ఘటననాడు పుట్టిన శిశువు అప్పటికి పట్టభద్రుడై ఉండును.

ఇందువలన చట్టము వ్యర్థమని కొందరు నిరాశ చెందవచ్చును. డెల్టాలో పెరిగిన మనకు వేరొక ఉపమానము తోచవలెను. కాలువకు నీరు వదిలినంత మాత్రాన చివరి చేను తడవదు. తూము ఎత్తవలెను, బోదె తవ్వవలెను, పైవాడు అడ్డుకట్ట వేసినప్పుడు పోయి అడుగవలెను. అట్లని కాలువే అక్కరలేదని ఏ రైతు అన్నాడు?

మనకు దూరాన లేని గరగపర్రునే చూడండి. 2017లో అంబేద్కర్ విగ్రహము విషయమై తగవు వచ్చి అక్కడి దళితులను సాంఘికముగా బహిష్కరించినారు. చేలలో పని ఇవ్వలేదు. రక్తము చిందలేదు గనుక పూర్వమైతే దీనిని ఊరి తగవుగా తేల్చివేసేవారు. కాని 2015లో సవరించిన చట్టము సాంఘిక, ఆర్థిక బహిష్కరణను స్పష్టముగా అత్యాచారమని పేర్కొన్నది. అందువలన కేసు నమోదయినది, అధికారులు కదిలినారు. ఆ సవరణ కూడ ఉద్యమాల ఒత్తిడి ఫలితమే.

ఈ చట్టము దుర్వినియోగమగుచున్నదను ఆక్షేపణ ఒకటి కలదు. అబద్ధపు కేసులు ఏ చట్టము క్రిందనైనా పెట్టవచ్చును. నిర్దోషిని కాపాడడానికి న్యాయస్థానము ఉన్నది. 2018 మార్చి 20న సుప్రీంకోర్టు ఈ కారణముతోనే అరెస్టులకు ముందస్తు అనుమతి కావలెనని ఆదేశించినది. ఏప్రిల్ 2న దేశవ్యాప్తముగా బందు జరిగినది, అందులో ప్రాణాలు కూడ పోయినవి. ఆగస్టులో పార్లమెంటు చట్టమును సవరించి పూర్వస్థితి నెలకొల్పినది. 2020లో సుప్రీంకోర్టు ఆ సవరణను సమర్థించినది. చట్టమును సాధించిన చేతులే దానిని నిలుపుకొనవలెనని ఇందువలన తేలుచున్నది.

ఉద్యమము శిక్షతో తృప్తిపడదు. హింసకు మూలము పేదరికములోను, భూమి లేమిలోను ఉన్నదని గ్రహించి ప్రభుత్వ విధానమును కూడ నిలదీస్తుంది. సంవత్సరాల తరబడి సాగిన ఆందోళన ఫలితముగా 2013లో ఉమ్మడి ఆంధ్రప్రదేశ్‌లో ఉపప్రణాళికా చట్టము వచ్చినది. దళిత గిరిజనుల జనాభాకు తగిన నిష్పత్తిలో నిధులు కేటాయించడము ప్రభుత్వపు దయ స్థానములో విధిగా మారినది.

ఇక మన సంగతి. అల్పసంఖ్యాకులమైన మనకు ఈ చరిత్రతో ఏమి సంబంధమని అడుగవచ్చును. 2017 ఫిబ్రవరిలో అమెరికాలోని కాన్సస్ రాష్ట్రములో ఒక తెలుగు ఇంజనీరును, మీ దేశము పొమ్మని అరచి, ఒకడు కాల్చి చంపినాడు. హంతకునికి ద్వేషనేరపు ఫెడరల్ చట్టము క్రింద కూడ యావజ్జీవ శిక్ష పడినది. ఆ చట్టాల పరంపరను సాధించినవారిలో అగ్రగాములు నల్లజాతి ప్రజలు. వారి పోరాటము ఒక తెలుగు తల్లికి న్యాయము చేసినది. ఒకరి ఉద్యమము మరొకరికి గొడుగవుతుందనుటకు ఇంతకంటె సాక్ష్యమేమి?

మన దేశములో ఆ గొడుగు క్రింద ఇంకను చోటు లేనివారున్నారు. 1950 నాటి రాష్ట్రపతి ఉత్తర్వు ప్రకారము ఇస్లాము, క్రైస్తవము స్వీకరించిన దళితులకు షెడ్యూల్డు కులముల హోదా లేదు. మూకహత్యలను అరికట్టుటకు ప్రత్యేక చట్టము చేయవలసినదని 2018 జూలైలో సుప్రీంకోర్టు పార్లమెంటుకు సూచించినది. 2024 జూలై 1న అమలులోకి వచ్చిన భారతీయ న్యాయ సంహితలో, ఐదుగురు లేక అంతకు మించినవారు కలిసి చేసే ఇట్టి హత్యకు ప్రత్యేకముగా మరణశిక్ష లేక యావజ్జీవ శిక్ష చెప్పబడినది. జాతి, కులము, భాష, వ్యక్తిగత విశ్వాసము వంటి కారణాలను పేర్కొన్న ఆ సెక్షనులో మతము అన్న మాట విడిగా లేదు. లేని మాటను వ్రాయించుకొను బాధ్యత ఎవరిది? అయితే ఒక్క హెచ్చరిక. మన వంతు వచ్చినప్పుడే నోరు విప్పేవారి మాటకు విలువ ఉండదు. గరగపర్రునాడు మనము ఎక్కడ ఉన్నామో మనమే ప్రశ్నించుకొనవలెను.

కళాశాల కమిటీవారికి ఒక విన్నపము. ప్రతి నెల 30వ తేదీని గ్రామాలలో పౌరహక్కుల దినముగా జరుపవలెనను ఏర్పాటు ఉన్నది. ఆ దినమున మన విద్యార్థులు చుట్టుప్రక్కల గ్రామాలకు పోయి, ఈ చట్టాల సారాంశమును తెలుగులోను, ఉర్దూలోను చదివి వినిపించుటకు అనుమతిని, ఒక న్యాయవాది సహాయమును సమకూర్చవలెను. ఫిర్యాదు వ్రాయుట తెలిసిన ఒక్క విద్యార్థి వాడకు ఒక్కడున్నా చాలును.

న్యాయమన్నా, ఇన్సాఫ్ అన్నా, అడిగేవారు లేనిచోట అది పుస్తకములోని మాటగానే మిగిలిపోతుంది. చదువుకొన్న మనము అడుగుట నేర్చుకొందము, పొరుగువారి కొరకు ముందుగా అడుగుదము.