పది మందికి లేని నేరం పదకొండోవాడికి ఎక్కడిది?

మలికిపురం మండలంలో జరిగిన ఒక తగాదా సంగతి చెబుతాను. ఊరి పేరు, మనుషుల పేర్లు వద్దు. కొబ్బరి దింపు, ఒలుపు కార్మికులు కూలి రేటు పెంచమని తోట గేటు దగ్గర బైఠాయించారు. పదకొండు మంది మీద కేసు కట్టారు. గుంపుగూడారట, దారి కట్టారట, బెదిరించారట. వాళ్లలో ఒకడు అప్పు తీర్చుకోడానికి గల్ఫ్ వెళ్లిపోయాడు. మిగిలిన పది మందీ పని మానుకుని, చార్జీలు పెట్టుకుని వాయిదాలకు తిరిగారు. చివరకు నేరం రుజువు కాలేదని కోర్టు కేసు కొట్టేసింది. గల్ఫ్‌లో వున్నవాడికి ఫోన్ చేసి, మనం గెలిచాంరా అని చెప్పాం. తప్పు మాదే, ఆ మాట అతనికి వర్తించదని మాకప్పుడు తెలీదు. తండ్రి చనిపోయాడని వచ్చినవాణ్ణి దశదినకర్మ కాకుండానే పోలీసులు పట్టుకుపోయారు. అతని మీద వారంటు బతికే వుంది.

ఇది ఎలా జరుగుతుందంటే, ఒక ముద్దాయి హాజరు కాకపోతే అతని కేసును విడదీసి వేరే నంబరు వేస్తారు. మిగతావాళ్ల కేసు నడిచి తీర్పు వస్తుంది. విడదీసిన కాగితం మాత్రం బీరువాలో పడి వుంటుంది. దాన్ని ఎవరూ తీసి చూడరు. పాస్‌పోర్టు రెన్యువలుకు వెళ్తే మాత్రం ఆ కాగితం లేచి కూర్చుంటుంది. కోర్టులో క్రిమినల్ కేసు పెండింగులో వుంటే పాస్‌పోర్టు నిరాకరించవచ్చునని 1967 నాటి పాస్‌పోర్టుల చట్టం చెబుతున్నది. ఇంటికొకరు చొప్పున గల్ఫ్ వెళ్లే కోనసీమలో దీనర్థం ఏమిటో విడమర్చి చెప్పక్కర్లేదు.

అయితే ఏం చెయ్యాలి? హైకోర్టుకు వెళ్లి కేసు కొట్టివెయ్యమని అడగవచ్చు. పాత క్రిమినల్ ప్రొసీజర్ కోడులో అది 482వ సెక్షను. 2024 జూలై 1 నుంచి అమల్లోకి వచ్చిన నాగరిక్ సురక్షా సంహితలో 528. కాని తోటి ముద్దాయిలు విడుదలైనంత మాత్రాన మిగిలినవాడికి ఆ ఫలం దానంతటదే రాదు. ఒకరి విచారణలో వచ్చిన తీర్పు మరొకరి విచారణలో సాక్ష్యం కాదని రాజన్ రాయ్ కేసులో 2005లో సుప్రీంకోర్టు చెప్పింది. మరోవైపు, ఒకే సాక్షులు ఒకే రకం పాత్ర అంటగట్టినప్పుడు ఒకరిని శిక్షించి మరొకరిని వదలడం కుదరదని జావేద్ షౌకత్ అలీ ఖురేషీ కేసులో 2023లో అదే కోర్టు చెప్పింది. అది అప్పీలు మీద ఇచ్చిన తీర్పే అయినా మనకు పట్టు దొరికేది అక్కడే.

కూలి తగాదాలకు పనికొచ్చే సంగతి ఇంకొకటి వుంది. చట్టవిరుద్ధ సమూహం అనాలంటే కనీసం అయిదుగురుండాలి. పేర్లు పెట్టి చూపినవాళ్లంతా విడుదలై, పేరు తెలియనివాళ్లు ఎవరూ లేరంటే, మిగిలిన ఒక్కడు సమూహం ఎలా అవుతాడు? మోహన్ సింగ్ కేసులో 1962లోనే సుప్రీంకోర్టు ఈ లెక్క తేల్చింది. ఒక్కడు గుంపుగూడాడని కేసు నడపడం మన పోలీసులకే చెల్లింది!

మనవాళ్లు కొందరు కోపంలో, ఒకడు విడుదలైతే అందరినీ వదిలెయ్యాలని చట్టం చెయ్యమంటున్నారు. నేనొప్పుకోను. రామచంద్రపురం దగ్గర వెంకటాయపాలెంలో దళితులకు శిరోముండనం చేసింది 1996 డిసెంబరులో. ఆ కేసులో శిక్ష పడింది 2024 ఏప్రిల్‌లో. అన్నేళ్లలో సాక్షి చచ్చిపోవచ్చు, భయపడవచ్చు, డబ్బుకు లొంగవచ్చు. ఇలాంటి కేసుల్లో ఒక మోతుబరి తప్పించుకు తిరిగి, ముందు నిలబెట్టిన పాలేళ్ల విచారణలో సాక్షుల్ని అడ్డం తిప్పించి, తర్వాత తీరిగ్గా వచ్చి ‘వాళ్లు నిర్దోషులైతే నేనూ అంతే’ అన్నాడనుకోండి. ఆ చట్టం ఎవరికి చుట్టమవుతుంది? సాక్షి చెప్పింది విని, నమ్మక కొట్టేసిన కేసు వేరు. సాక్షి నోరు నొక్కేస్తే పోయిన కేసు వేరు. ఈ తేడా చూడాల్సింది తీర్పు కాగితంలోనే.

అందుకని మనం అడిగేది ఇది. కొందరు విడుదలైన ప్రతి కేసులోనూ విడదీసిన భాగాన్ని ప్రభుత్వ న్యాయవాది తనంత తానే తిరగేసి చూడాలి. మిగిలిన సాక్ష్యం ఏమీ లేకపోతే అక్కడి కోర్టులోనే ఉపసంహరణకు దరఖాస్తు పెట్టాలి. సంహితలో 360వ సెక్షను అందుకే వుంది. బాధితుడి మాట వినకుండా కోర్టు అనుమతించరాదని కూడా అందులోనే వుంది, కాబట్టి మోతుబరులు దొంగచాటుగా జారిపోతారన్న భయం కొంత తగ్గుతుంది. ఆ పని చెయ్యకుండా, రోజుకూలీని మలికిపురం నుంచి అమరావతి పక్క నేలపాడులో వున్న హైకోర్టుకు పంపడం ఏం న్యాయం?

అందాకా మన సంఘం శాఖలు చెయ్యవలసింది ఒకటుంది. పాత కూలి కేసుల్లో ఎవరెవరు ఊళ్లో లేరో రాసుకోండి. విడుదల తీర్పు నకలు తీసి దాచండి. షెడ్యూల్డు కులాలవారికి, తెగలవారికి, స్త్రీలకు ఆదాయంతో పని లేకుండానే ఉచిత న్యాయవాదిని ఇవ్వాలని 1987 నాటి న్యాయసేవల చట్టం చెబుతున్నది. ఆ దరఖాస్తు పెట్టడానికి మొదట కావలసింది ఆ నకలే.