రియాన్ అంటే అర్థం ఏమిటి?

చిత్తా నక్షత్రం నాలుగో పాదంలో మగపిల్లాడు పుట్టాడంటే, ఈ మధ్య ఆ ఇంట్లో పేరు దాదాపు ఖాయమైపోయినట్టే. పంతులుగారు పంచాంగం చూసి "రి" అంటారు. అమ్మా నాన్నా ఫోన్లో "రి అక్షరంతో మగపిల్లల పేర్లు" అని వెతుకుతారు. రిషి, రిత్విక్, రిషబ్... అపార్ట్‌మెంట్లో ఇప్పటికే ఇద్దరిద్దరున్నారు. అప్పుడు కనిపిస్తుంది రియాన్. పక్కనే అర్థం: "చిన్న రాజు". దాని పక్కనే మూలం: "సంస్కృతం". ఇంకేం కావాలి? (ఆరుద్ర వాళ్ళతో పోలిస్తే వీళ్ళు చాలా అదృష్టవంతులు. కూ, ఘ, ఙ, ఛ... "ఙ"తో పేరున్న మనిషిని నేనింతవరకూ చూడలేదు.)

మా అక్క కొడుక్కీ సరిగ్గా ఇలాగే జరిగింది. మాది పాతబస్తీ, లాల్ దర్వాజా దగ్గర. ఇరవై ఒకటో రోజు తొట్టెల్లో వేసి పేరు పిలుస్తుంటే మా అమ్మమ్మ "గదేం పేరు బిడ్డా?" అంది. "సంస్కృతం పేరే అమ్మమ్మా, చిన్న రాజు అని అర్థం" అని అక్క చెప్పింది. అమ్మమ్మ ఊరుకుంది. నాకే ఊరుకోబుద్ధి కాలేదు. పేరు మీద నాకేం కోపం లేదు, నిజానికి పలకడానికి బావుంది. నా కోపమల్లా ఆ "సంస్కృతం" అన్న మాట మీద.

ఎందుకంటే ఇది ఐర్లండు పేరు. అక్కడ పాతకాలంలో "రీఅన్" అని ఒక పేరుండేది. ఆ పేరుని బట్టి ఓ రీఅన్, మల్‌ర్యాన్ లాంటి ఇంటిపేర్లు వచ్చాయి. టిప్పరరీ, లిమరిక్ వైపు ఈ ఇంటిపేరు వాళ్ళు ఇప్పటికీ ఎక్కువే. ఇంగ్లీషు రాతల్లో పడి అది ర్యాన్ అయింది. అంటే వందల ఏళ్ళు అది ప్రధానంగా ఇంటిపేరే. మన దగ్గర ఎవరో పిల్లాడికి "కొండపల్లి" అని పేరు పెట్టినట్టన్నమాట! పిల్లల పేరుగా దాన్ని ఊరంతా వాడటం అమెరికాలో మొదలైంది. ర్యాన్ ఓనీల్ అనే నటుడు 1964లో పేటన్ ప్లేస్ అనే టీవీ సీరియల్‌తో, 1970లో లవ్ స్టోరీ సినిమాతో ఇంటింటికీ తెలిశాడు. డెబ్భైల్లో అక్కడ ఎక్కడ చూసినా ర్యాన్‌లే. మాధురీ దీక్షిత్ అమెరికాలో ఉన్నప్పుడు 2005లో పుట్టిన రెండో కొడుకు పేరు ర్యాన్. మన "బొమ్మరిల్లు" హాసిని, అదే జెనీలియా, 2014లో పుట్టిన పెద్ద కొడుక్కి రియాన్ అని పెట్టుకుంది. లాల్ దర్వాజా దాకా దారి అలా పడింది. తమాషా ఏమిటంటే, మనం పలికే "రియాన్" అమెరికా వాళ్ళ "రయన్" కన్నా అసలు ఐరిష్ "రీఅన్"కే దగ్గర.

ఇహ "చిన్న రాజు" సంగతి. ఐరిష్‌లో "రీ" అంటే రాజు. దానికి ముద్దుగా పిలిచే ప్రత్యయం తగిలిస్తే చిన్న రాజు అవుతుందని చెబుతారు. ఇది కూడా అందరూ ఒప్పుకున్నది కాదు, వేరే పాత మాటలతో ముడిపెట్టేవాళ్ళూ ఉన్నారు. కానీ ఒక్క నిమిషం ఆ అర్థమే నిజమనుకుందాం. ఐరిష్ "రీ", లాటిన్ "రెక్స్", సంస్కృతం "రాజన్" ఇవి మూడూ ఒకే మూలధాతువు నుంచి పుట్టాయని భాషాశాస్త్రవేత్తలు ఎప్పుడో తేల్చారు. ఆ రాజన్ మన దగ్గరికొచ్చి రాజు అయింది, ప్రాకృతాల దారిలో రాయలు, రాయుడు అయింది. అంటే రియాన్‌కి అచ్చమైన తెలుగు అనువాదం కావాలంటే... చినరాయుడు! 1992లో వెంకటేష్ సినిమా కూడా వచ్చింది :-)

మా తాత పేరులో "రాజ" ఉంది. ముగ్గురు మనవళ్ళలో ఎవరికీ ఆ పేరు పెట్టలేదు, "పాతగా ఉంది" అని. ఆ మాటకి వేల ఏళ్ళ కిందట విడిపోయిన దాయాది ఐర్లండు, అమెరికా, బొంబాయి తిరిగి మా ఇంటికే వచ్చిందేమో. ఇది అమ్మమ్మకి చెప్తే ఎంత సంతోషించేది! అబద్ధం కన్నా నిజమే బావుంది కదా. అలాగని దీన్ని పట్టుకుని "చూశారా, సంస్కృతమే" అనకండి. ఒకే బేస్ క్లాసు నుంచి వచ్చిన రెండు క్లాసుల్లో ఒకదాన్ని రెండోదానికి తండ్రి అంటే కంపైలర్ ఊరుకోదు.

పాతబస్తీలో ఇంకో చిక్కుంది. ఇక్కడ రయ్యాన్ అనే పేరు చాలామంది ముస్లిం పిల్లలకి ఉంటుంది. అది అరబీ మాట. దాహం తీరినది, నీళ్ళతో కళకళలాడేది అని అర్థం. రంజాన్ ఉపవాసాలున్నవాళ్ళు స్వర్గంలోకి వెళ్ళే ద్వారం పేరు కూడా అదే. దానికీ ఐర్లండుకీ ఏ సంబంధమూ లేదు. ఇంగ్లీషు అక్షరాల్లో రాసేసరికి మాత్రం రెండూ ఒకేలా కనిపిస్తాయి. మా గల్లీలో ఏ రయ్యాన్ వాళ్ళ నాన్ననడిగినా ఆ ద్వారం సంగతి చెప్తాడు. మన రియాన్ వాళ్ళ నాన్న "నెట్‌లో ఉంది భాయ్" అంటాడు.

ఆ నెట్‌లో ఉన్నది ఎలాంటి సరుకో మన ఫీల్డు వాళ్ళకి నేను చెప్పక్కర్లేదు. టేబుల్లో "అర్థం", "మూలం" అని రెండు కాలమ్‌లు, రెండూ నాట్ నల్. ఖాళీ వదలకూడదు కాబట్టి ఎవడో ఏదో నింపుతాడు. దాన్నింకొకడు స్క్రేప్ చేస్తాడు. పది సైట్లలో ఒకటే కనిపించేసరికి మనం నిజమనుకుంటాం. ఆఫీసులో ప్రతి పుల్ రిక్వెస్టుకీ "దీనికి సోర్స్ ఏది?" అని ప్రాణాలు తీసే మనం, బిడ్డ జీవితాంతం మోసే పేరు విషయంలో ఒక్క ప్రశ్న అడగం.

ఎందుకు అడగమో కూడా చెప్తాను. మనకి పేరు డల్లాస్‌లో నోరు తిరగాలి, ఇంట్లో పెద్దవాళ్ళ దగ్గర పాస్ అవ్వాలి. మొదటిదానికి ర్యాన్, రెండోదానికి "సంస్కృతం" అనే స్టాంపు. మొదటి కోరికలో తప్పేం లేదు, ఆన్‌సైట్‌లో మన పేర్లు ఎన్ని ముక్కలవుతాయో అందరికీ అనుభవమే. ఆ మాటే నేరుగా చెప్పొచ్చుగా?

పరాయి పేరంటే ఈ ఊరికి కొత్తా ఏమన్నానా? నిజాం దగ్గర పనిచేసి 1798లో చనిపోయిన ఫ్రెంచి సైనికాధికారి రేమండ్‌ని జనం మూసా రామ్ చేసేసుకున్నారు. మూసారాంబాగ్ ఆయన పేరే. సగం ముస్లిం పేరు, సగం హిందూ పేరు, మొత్తానికి ఫ్రెంచివాడు. ఐర్లండు అనగానే గుర్తొచ్చే సెయింట్ పాట్రిక్ అయినా ఐర్లండు వాడు కాదు, బ్రిటన్ వాడు. పేరేమో లాటిన్.

ఆ పాట్రిక్ పేరు మన హైదరాబాదు కథలో కూడా ఉంది. కోఠీ రెసిడెన్సీ కట్టించిన కిర్క్‌పాట్రిక్ ఇంటిపేరుకి అర్థం "పాట్రిక్ గుడి". ఆయన పాతబస్తీ పెద్దింటి అమ్మాయి ఖైరున్నిసాని పెళ్ళి చేసుకున్న కథ చాలామందికి తెలుసు, డాల్రింపుల్ 2002లో పుస్తకమే రాశాడు. వాళ్ళకి ఇద్దరు పిల్లలు, సాహెబ్ ఆలం, సాహెబ్ బేగం. 1805లో ఇద్దర్నీ ఓడెక్కించి ఇంగ్లండు పంపారు. తండ్రి అదే ఏడాది కలకత్తాలో పోయాడు. 1806లో లండన్ చర్చిలో పిల్లల పేర్లు మార్చారు: విలియం జార్జ్, కేథరిన్ అరోరా. తల్లి 1813లో చనిపోయేదాకా వాళ్ళని మళ్ళీ చూడలేదు. ఆ కేథరిన్ పెద్దయ్యాక, చాలా ఏళ్ళకి, హైదరాబాదులో ఉన్న అమ్మమ్మకి ఉత్తరాలు రాసింది. ఇక్కడినుంచి ఫార్సీలో, అక్కణ్ణుంచి ఇంగ్లీషులో, మధ్యలో తర్జుమా చేసేవాళ్ళు. ఆ పిల్లలకి పేరు మార్చింది వేరేవాళ్ళు, అదీ ఓడ దిగాక. మనం ఓడెక్కకముందే మార్చుకుంటున్నాం. సరే, మన ఇష్టం. కనీసం ఆ పేరెక్కడిదో అమ్మమ్మకి తర్జుమా చేసేటప్పుడైనా సరిగ్గా చేద్దాం.

పనికొచ్చే మాట ఒకటి. జననం 21 రోజుల్లో రిజిస్టర్ చేయించాలి గానీ పేరు అప్పుడే రాయించక్కర్లేదు, ఏడాదిలోపు ఫీజు లేకుండా చేర్పించుకోవచ్చు. 2023 సవరణ తర్వాత పుట్టిన పిల్లలకి స్కూలు నుంచి పాస్‌పోర్టు దాకా ఈ సర్టిఫికెట్టే ఆధారం. కాబట్టి ఆ ఏడాదిలో కాస్త వెతకండి.

కియాన్ అని పెడదామనుకుంటున్నవాళ్ళూ వెతకండి. ఐర్లండులో "కీఅన్" ఉంది, పాతది అని అర్థం. ఇరాన్‌లో కయానీ రాజుల కియాన్ ఉంది. ఫార్సీ దర్బారు భాషగా నడిచిన ఊరు కాబట్టి ఆ రెండోది మనకి కాస్త దగ్గర. దాని సంగతి ఇంకోసారి.